నూరెకరాల గొప్ప

జీపు చప్పుడు వినగానే ఆదినారాయణ విస్తరి ముందు నుంచి లేచాడు. చేయి కూడా కడుక్కోలేదు.

పక్క విస్తరిలో కూర్చున్న పెద్దల్లుడు చెన్నకేశవులు నోటిదాకా తెచ్చిన ముద్దను అలాగే పట్టుకుని మామగారి వీపు వైపు చూశాడు. ఇన్నేళ్లుగా ఆ ఇంటికి అల్లుడు. తనకోసం ఆయన ఒక్కనాడూ అన్నం ముందు నుంచి లేవలేదు.

అది 1961 వేసవి. ధర్మవరంలో ఆదినారాయణ వేరుశనగ నూనె మిల్లుకు ఆ రోజు కొత్త ఇంజను పూజ. చెన్నకేశవులు పొద్దున రైలుకే వచ్చి, మామిడాకులు కట్టించడం నుంచి కొబ్బరికాయలు కొట్టించడం దాకా అన్నీ మీదేసుకున్నాడు. చిన్నల్లుడు మద్దిలేటి మాత్రం పూజ అయిపోయాక, సగం భోజనాల వేళ, దుమ్ము రేపుకుంటూ జీపులో దిగాడు.

"రాప్పా, రా! ప్రెసిడెంటుకు తీరిక యాడ దొరకల్ల!" అంటూ ఆదినారాయణ అతన్ని భుజం మీద చేయి వేసి లోపలికి తెచ్చాడు. ఆ చేయి ఎంగిలి చేయి. మద్దిలేటి తెల్లచొక్కా మీద పప్పు మరక పడింది. ఆ మరక మీద కూడా చెన్నకేశవులుకు అసూయ పుట్టింది.

పుట్టదా మరి? చెన్నకేశవులు పెనుకొండకు అవతల, రొద్దం దారిలో ఉన్న గువ్వలపల్లి సర్పంచి. మూడు తరాల నుంచి భూమి ఉన్న ఇల్లు. మద్దిలేటి పక్కనే ఉన్న నక్కలమిట్టకు సర్పంచి. ఉన్నదల్లా వానను నమ్ముకున్న నాలుగు చేని చెక్కలు, ఒక గొర్రెల మంద. చిన్నకూతురు అంజనమ్మను ఆ ఇంటికి ఇచ్చినప్పుడు ఆదినారాయణే నలుగురి ముందు నొచ్చుకున్నాడు. అలాంటిది ఏడాదిన్నర కిందట కొత్త చట్టం వచ్చి పంచాయతీ సమితులు పెట్టారు. ఊళ్ల పనులకు హైదరాబాదు ఇచ్చే డబ్బు ఇకమీద సమితి చేతుల మీదుగా పోవాలన్నారు. ఆ సమితికి అధ్యక్షుణ్ణి సర్పంచులే ఎన్నుకోవాలన్నారు.

ఆ ఎన్నిక నాడు చెన్నకేశవులు ఇస్త్రీ చొక్కా వేసుకుని పెనుకొండ వెళ్లాడు. తన పేరు ఎవరో ఒకరు ఎత్తుతారని నోరు మూసుకుని, పెద్దమనిషిలా కూర్చున్నాడు. ఎవరూ ఎత్తలేదు. లింగప్ప అనే సర్పంచి లేచి మద్దిలేటి పేరు చెప్పాడు. అక్కడితో ఊరుకున్నా బాగుండేది. "బలపరిచేదానికి ఇంటి మనిషి ఉండనే ఉన్నాడు. ఏం చెన్నకేశవులన్నా, చెయ్యెత్తు!" అన్నాడు.

అందరూ తనవైపే చూస్తుంటే చెన్నకేశవులు చెయ్యెత్తాడు. ఆ చెయ్యి ఇంకా నొప్పి పుడుతూనే ఉంది.

"జీపు ఇంక నీదేనా అల్లుడా?" ఆదినారాయణ మళ్లీ విస్తరి ముందు కూర్చుంటూ అడిగాడు.

"నాదెట్లయితాది మామా? బండి ఢిల్లీవాళ్లు ఇచ్చింది. డ్రైవరు జీతం హైదరాబాదు పంపుతాది. పెట్రోలు మాత్రం మేం పోసుకోవాల. అందుకే నెలలో సగం దినాలు చింతచెట్టు కింద నిలబడి ఉంటాది."

పంక్తి అంతా ఘొల్లుమంది. చెన్నకేశవులు కూడా నవ్వాడు. ఆ నవ్వు పళ్ల దగ్గరే ఆగిపోయింది.

"అది సరే, పెద్దోడా," ఆదినారాయణ ఇటు తిరిగాడు. "మీ చెరువు గండి ఏమైనట్టు?"

పోయిన ఏడు పుబ్బ వానకు గువ్వలపల్లి చెరువు కట్ట తెగింది. బండి పట్టేంత గండి. ఉన్న నీళ్లన్నీ ఒక్క పూటలో వంకలోకి పోయాయి. వచ్చే వానల్లోపు దాన్ని పూడ్చకపోతే ప్రవాహం ఈసారి మిగిలిన కట్టను కూడా పట్టుకుపోతుంది. కట్ట పోతే గువ్వలపల్లిలో వరి అన్న మాట మరిచిపోవాల్సిందే.

చెన్నకేశవులు జవాబు చెప్పేలోపే మద్దిలేటి అందుకున్నాడు. "దాన్దేముందన్నా? సమితి మీటింగులో లేచి ఒక్క మాట అడుగు. దుడ్లు పక్కన పెట్టే ఉంచినాను. ఈ ఎండల్లోనే పూడ్చేస్తాం."

మంచిగానే అన్నాడు. మామగారి ముందు అన్నాడు. చిక్కంతా అక్కడే వచ్చింది.

"నేను అడగడమేంది?" చెన్నకేశవులు మజ్జిగ గ్లాసు దించాడు. "మా చెరువు మీ సమితికి లొంగేది కాదులే తమ్ముడూ. నూరెకరాల పైన పారతాది."

"నూరెకరాలా!" ఆదినారాయణ కళ్లు పెద్దవయ్యాయి. "ఎప్పుడూ చెప్పనే లేదే!"

ఆ చూపు! దానికోసం చెన్నకేశవులు ఏడాదిన్నరగా మొహం వాచి ఉన్నాడు. మద్దిలేటి తలెత్తి ఏదో అనబోయి, మామగారి మొహం చూసి ఊరుకున్నాడు.

చెన్నకేశవులు అన్నది అబద్ధమైతే ఈ కథ ఇక్కడితో అయిపోయేది. అది నిజం. అసలు ప్రమాదం అదే.

కొత్త ఏర్పాటు ప్రకారం నూరెకరాల లోపు పారే చెరువులు సమితివి. అంతకు మించినవి రాష్ట్ర ప్రభుత్వ ఇంజనీర్లవి. గువ్వలపల్లి చెరువు కింద నూరు దాటి ఎప్పటినుంచో పారుతోంది. కాని తాతల నాటి నుంచీ ఊళ్లో ఒక కట్టుబాటు. చివరి మళ్లను ఎవరు అడిగినా మెట్ట అనే చెప్పాలి. నీళ్లు పారుతున్నాయని ఒప్పుకుంటే నీటి పన్ను పడుతుంది మరి. కాబట్టి సర్కారు లెక్కలో అది ఎనభై ఎకరాల చిన్న చెరువు. పెళ్లిచూపులకు వచ్చినవాళ్లకు కూడా ఊరివాళ్లు ఆ చిన్న లెక్కే చెబుతారు. అసలు లెక్కను ఊరు దాటించిన మొదటి మనిషి, ఆ ఊరి సర్పంచే.

*

నీటిపారుదల మంత్రిగారు హిందూపురం సర్కారు బంగళాలో మకాం చేశారని తెలియగానే చెన్నకేశవులు పెనుకొండలో రైలెక్కాడు. గులాబీల దండ కొన్నాడు. మధ్యాహ్నం దాకా చెట్ల నీడన నిలబడ్డాడు. దండ వాడిపోయింది గాని మనిషి వాడలేదు.

పిలుపు వచ్చింది. లోపల మంత్రిగారు, పక్కన పెద్ద ఇంజనీరు, ఇంకా నలుగురైదుగురు ఆఫీసర్లు.

"చిన్న చెరువులైతే సమితిలో అడగండి," మంత్రిగారు దండ వేయించుకుంటూనే అన్నారు. "అధికారం మీకే ఇచ్చేశాం గదా. ఇంకా మా దగ్గరికి ఎందుకు వస్తారు?"

అక్కడే వెనక్కు తిరిగి ఉంటే సరిపోయేది. కాని వెనక్కు తిరిగితే ఎదురుగా ఎవరున్నారు? మద్దిలేటి. అడుగు అన్నా, ఒక్క మాట అడుగు అన్నా!

"చిన్నది కాదు సార్," చెన్నకేశవులు గొంతు పెంచాడు. "నూరెకరాల పైన పారతాది. కావాలంటే మీ మనుషులను పంపి కొలిపించండి."

మంత్రిగారు ఇంజనీరు వైపు తిరిగారు. "అట్లయితే అది మనదే గదయ్యా. చూడండి."

చూడండి! చెన్నకేశవులు బంగళా మెట్లు ఎలా దిగాడో అతనికే గుర్తులేదు. రాష్ట్రమే పూడుస్తుంది. మధ్యలో సమితి లేదు, జీపు లేదు, తోడల్లుడు లేడు. తిరుగు రైల్లో కిటికీ పక్కన కూర్చుని, నిండిన చెరువును చూడడానికి మామగారిని ఏ రోజు పిలవాలా అని ఆలోచించాడు.

తర్వాతి సమితి మీటింగులో, ఎవరూ అడక్కుండానే లేచాడు. "గువ్వలపల్లి చెరువు సంగతి ఇంక మీరు పట్టించుకోనక్కర్లేదు. అది సమితి స్థాయి చెరువు కాదు. రాష్ట్రమే చూసుకుంటాది. మంత్రితో మాట్లాడే వచ్చినా."

మీటింగు హాలు గుసగుసలాడింది. మద్దిలేటి మొహంలో రంగు మారింది. దానికోసమే కనిపెట్టుకుని ఉన్న చెన్నకేశవులు కడుపు నిండా చూసుకున్నాడు.

బయట వరండాలో మద్దిలేటి అతని చేయి పట్టుకున్నాడు. "ఎంత పని చేస్తివన్నా! మీ గండికని పెట్టిన దుడ్లు ఉండాయి. చెరువు మనది కాకపోతే ఒక్క అణా దాని మీద పెట్టేదానికి లేదు. ఇంకో ఊరికి పోతాయి. మళ్ల ఆలోచన చెయ్యి."

"ఆలోచన నువ్వు చేసుకో తమ్ముడూ. నీకు కుళ్లు పుట్టినట్టుండాది," అన్నాడు చెన్నకేశవులు తేలిగ్గా, చేయి విడిపించుకుంటూ.

*

హైదరాబాదు మాట నిలబెట్టుకుంది. ఇంజనీర్లు నిజంగానే వచ్చారు.

గొలుసులు పట్టి కట్ట కొలిచారు, ఆయకట్టు కొలిచారు. చివరి మళ్లలోకి నడిచి, వరి మొదళ్లు ఎండి ఉండడం చూసి తలలూపారు. అందులో పెద్దాయన చెన్నకేశవులు ఇంట్లో మజ్జిగ తాగుతూ, "మంచి చెరువండీ. మీరు చెప్పింది నిజమే," అన్నాడు.

"పని ఎప్పుడు మొదలుపెడతారు?"

"ఈ ఏటి అంచనాలు వెళ్లిపోయాయి గదా. వచ్చే ఏటి వాటిలో చేర్పిస్తాం. జిల్లాలో దీనికంటే పెద్దవి చాలా ఉన్నాయి, వాటి తర్వాత మీది."

చెన్నకేశవులు చేతిలోని చెంబు కింద పెట్టాడు. సమితిలో తన చెరువు అన్నిటికంటే పెద్దది. జిల్లాలోకి వెళ్లేసరికి అన్నిటికంటే చిన్నది.

వాళ్లు వెళ్లిన వారానికి ఇంకొకాయన వచ్చాడు. రెవెన్యూ ఇనస్పెక్టరు. చివరి మళ్ల గట్ల మీద తిరిగి, ఇవి మెట్ట కాదని, ఇకనుంచి నీళ్లు పారిన పంటకు పన్ను కట్టాలని చెప్పి చల్లగా వెళ్లిపోయాడు.

సాయంత్రానికి ఊరంతా చెన్నకేశవులు అరుగు ముందు ఉంది.

"మా తాత నోరు విప్పలేదు, మా నాయన నోరు విప్పలేదు," చివరి మళ్ల రైతు రామన్న కండువా విదిలించాడు. "నీకేం పుట్టిందప్పా?"

"గొప్ప పుట్టింది," వెనక నుంచి ఉలిగమ్మ అందుకుంది. మొగుడు పోయాక ఒంటి చేత్తో సేద్యం చేసుకుంటున్న మనిషి, ఎవరికీ జంకదు. "తోడల్లుడు జీపెక్కినాడని ఈయప్ప మా మళ్లనెక్కినాడు. చెరువులో చుక్క లేకపాయె, నీళ్ల పన్ను మాత్రం వచ్చె!"

జనం నవ్వారు. కోపంగా ఉన్న జనం నవ్వితే ఇంకా భయం. ఆ రోజు నుంచి చెన్నకేశవులుకు ఊళ్లో కొత్త పేరు పడింది. నూరెకరాల సర్పంచి.

లోపలికి వస్తే భార్య నీలావతి రాగులు చెరుగుతూ ఉంది. చేట ఆపలేదు. "మా చెల్లెలు మొగుడు నిన్నేమన్నా తిట్టినాడా ఏమయ్యా?"

"లేదు."

"కొట్టినాడా?"

"ఏం మాటలే అవి!"

"మరి ఊరినెందుకు ముంచినావు? ఒక్క మాట అడిగింటే పోయేదానికి." చేటలోని పొట్టు అతని వైపే ఎగిరింది. "మా నాయన ఎవురికోసం లేస్తే నీకేం? ఆయప్ప కరెంటు బిల్లు తెచ్చినోనికి కూడా లేస్తాడు."

చెన్నకేశవులు ఎక్కువసేపు కూర్చోలేకపోయాడు. కట్ట వైపు నడిచాడు. పడమట మబ్బులు పట్టడం మొదలైంది. ఇంకెన్నాళ్లో లేదు.

*

గండి దగ్గర ఎవరో నిలబడి ఉన్నారు. సైకిలు పక్కన పడేసి, పంచె పైకి కట్టి, గండిలోకి తొంగి చూస్తున్నారు.

మద్దిలేటి!

"జీపేమైంది?" అన్నాడు చెన్నకేశవులు. నోటికి మొదట వచ్చిన మాట అదే.

"చింతచెట్టు కింద ఉండాది. పెట్రోలు లేదు." మద్దిలేటి తల తిప్పలేదు. "అన్నా, రొద్దం బండ్లు ఎట్లపోతాండాయి ఇప్పుడు?"

"వంకలో దిగి, ఆ పక్కన ఎక్కుతాండాయి. ఇరుసులిరిగి చస్తాండారు."

"గండి పడకముందు?"

"కట్ట మీదనే గదా. మా తాతల నుంచీ అదే దారి. ఎందుకడుగుతాండావు?"

"అయితే ఇది రోడ్డు," అన్నాడు మద్దిలేటి. "చెరువు వాళ్లది. ఊరి రోడ్డు మనది. తెగిన రోడ్డు పూడ్చుకోడానికి సమితికి అధికారం ఉండాది. రోడ్డు పూడిస్తే గండి పూడదా ఏం?"

చెన్నకేశవులు గండి వైపు చూశాడు. పుట్టిన దగ్గర్నుంచి ఆ కట్ట మీద నడిచాడు. తన ఊరు, తన దారి. ఈ ఉపాయం తనకు రావాలి గదా! ఇది కూడా వీడికే వచ్చిందా? ఒక్క క్షణం, ఉన్న కట్ట కూడా తెగిపోతే బాగుండునని అనిపించింది. తన ఆలోచనకు తనకే ఒళ్లు జలదరించింది.

"ఇంజనీర్లు ఊరుకుంటారా?"

"వాళ్ల ఒప్పుదల నేను తెస్తా. దుడ్లు అడగని మనిషి పోతే వాళ్లకు పండగ." మద్దిలేటి పంచె దించాడు. "సగం సమితి రోడ్ల దుడ్లలోంచి పెడతాది. సగం ఊరు ఒళ్లొంచి పని చెయ్యాల. ఇంకొకటి. మీటింగులో నువ్వే లేచి అడగాల. నేను పెడితే తోడల్లునికి దోచిపెట్టినాడంటారు."

అదీ అసలు ధర. చెన్నకేశవులు ఏ హాల్లో నిలబడి, మాకు మీరక్కర్లేదు అన్నాడో ఆ హాల్లోనే లేచి అడగాలి. మద్దిలేటి సైకిలెక్కి వెళ్లిపోయాడు.

మీటింగు రోజు వచ్చింది. చెన్నకేశవులు చివరి బల్ల మీద కూర్చున్నాడు. ఒక్కొక్క ఊరి పనీ అయిపోతోంది. నక్కలమిట్టకు బడి గది. లింగప్ప ఊరికి మంచినీళ్ల బావి. మద్దిలేటి ఒక్కసారి కూడా తనవైపు చూడలేదు. చూసి ఉంటే లేచేవాడు కాదేమో.

"ఇంకేమన్నా ఉండాయా?"

హాలు సద్దుమణిగింది. చెన్నకేశవులు బల్ల అంచు పట్టుకుని కూర్చునే ఉన్నాడు. కళ్ల ముందు మామగారి ఎంగిలి చేయి మెదిలింది. తర్వాత ఉలిగమ్మ మొహం. తర్వాత కిటికీలోంచి నల్లగా దిగుతున్న పడమటి మబ్బు.

లేచాడు.

"గువ్వలపల్లి నుంచి రొద్దం పోయే రోడ్డు తెగిపోయింది," అన్నాడు. "పూడ్చాలని సమితిని అడుగుతాండా."

లింగప్ప ఇంతసేపూ దానికోసమే ఉన్నట్టు వెనక్కు తిరిగాడు. "ఏమప్పా, మంత్రి ఊరికి మేం రోడ్డెయ్యాలనా? మాది చిన్న సమితి, మీ స్థాయికి సరిపోతాదో లేదో!"

హాలు పగలబడి నవ్వింది. చెన్నకేశవులు కూర్చోలేదు. నవ్వు అయిపోయేదాకా నిలబడే ఉన్నాడు.

"సరిపోతాది," అన్నాడు. "నాదే తప్పు. రోడ్డెయ్యండి."

మరి బలపరిచేదెవరు? ఎవరూ కదల్లేదు. చివరికి లింగప్పే, నవ్వుకు వచ్చిన కన్నీళ్లు తుడుచుకుంటూ చెయ్యెత్తాడు.

*

ఊరు పారలూ గంపలూ పట్టుకుని కట్ట మీదికి వచ్చింది. మొదటి గంప చెన్నకేశవులే ఎత్తాడు. "నూరెకరాల సర్పంచీ, గంప నిండా పోసుకో!" అని ఉలిగమ్మ అరిచింది. పోసుకున్నాడు. రామన్న మాత్రం మొదటి రెండు రోజులూ గట్టు మీద కూర్చుని బీడీ తాగాడు. మూడో రోజు తనే పార తెచ్చుకున్నాడు. "పన్ను కట్టేది ఎట్లా తప్పదు గదా," అన్నాడు. "ఇంతకాలం నీళ్లు దొంగతనంగా పెట్టుకుంటాంటిమి. ఈసారి మా వంతు రాకపోతే నీ గొంతు మీద కూచుని అడుగుతా."

మబ్బులు నెత్తి మీదికి వచ్చేసరికి గండి మూసుకుంది. లోపలివైపు రాళ్లు పేర్చారు. పైన బండ్ల దారి సాఫయింది.

అప్పుడు వచ్చింది రాయి.

సమితి చేసిన ప్రతి పని దగ్గరా ఒక పలక పాతడం మామూలు. బండిలో దింపిన ఆ పలక మీద చెక్కినవి రెండే ముక్కలు. పైన సమితి పేరు. కింద, పెద్ద అక్షరాల్లో, అధ్యక్షుడు మద్దిలేటి.

గువ్వలపల్లి గంపలు మోసింది. తను నలుగురిలో తలవంచుకున్నాడు. రాయి మీద మాత్రం మద్దిలేటి! రొద్దం పోయే ప్రతి బండివాడూ చదువుకుంటూ పోవాలి. మామగారు వచ్చినప్పుడు కళ్లద్దాలు పెట్టుకుని చదువుతాడు.

"యాడ పాతమంటావప్పా?" రాయి తెచ్చినవాడు అడిగాడు. "చోటు సర్పంచి చూపించాలంట."

చెన్నకేశవులు కట్ట మీద అటూ ఇటూ నడిచాడు. నీళ్ల వైపు వాలులోకి దిగాడు. ఇంకా దిగాడు. చెరువు నిండితే నీళ్లు ఎంతవరకు వస్తాయో అతనికి పుట్టుకతో తెలుసు. అక్కడినుంచి రెండు బారలు కిందికి దిగి, కాలితో నేల మీద గీత గీశాడు.

"ఈడ."

"ఈడ పాతితే కనపడదు గదప్పా!"

"కనపడతాది. చెరువు ఎండినప్పుడు."

ప్రారంభానికి మద్దిలేటి జీపులోనే వచ్చాడు. పెట్రోలు దొరికినట్టుంది. వెనక సీట్లో ఆదినారాయణ, అంజనమ్మ. రాయి యాడ అని మద్దిలేటి కట్టంతా వెతికి, చివరికి కింద చూశాడు. రాయినీ, తోడల్లుణ్ణీ మార్చి మార్చి చూసి, ఒక్కసారిగా గట్టిగా నవ్వాడు.

"బలే చోటు చూసినావన్నా! నా పేరు మునగాలంటే నీ చెరువు నిండాల గదా. మునగనీ!"

మంచితనంలో కూడా తనకంటే ఒక మెట్టు పైనే! చెన్నకేశవులు పళ్లు కొరుక్కున్నాడు.

ఆ రాత్రే వాన మొదలైంది. కట్ట నిలిచింది. అప్పటినుంచి రోజూ తెల్లవారగానే చెన్నకేశవులు కంబళి కప్పుకుని కట్ట మీదికి వెళ్లేవాడు. సర్పంచి బుద్ధిమంతుడయ్యాడు, చెరువుకు కాపలా కాస్తున్నాడు అని ఊరు మెచ్చుకుంది. ఉలిగమ్మ కూడా మెచ్చుకుంది. నీలావతి ఒక్కతే చేట అడ్డం పెట్టుకుని నవ్వుకుంది.

నీళ్లు రాయి అడుగును తాకాయి. మర్నాటికి మద్దిలేటి సగం మునిగాడు. తర్వాత వాన వెలిసింది. రెండు రోజులు నీళ్లు కదల్లేదు. చెన్నకేశవులుకు అన్నం సయించలేదు. మబ్బుల కోసం ఆ ఊళ్లో ఏ రైతూ మొక్కనంతగా మొక్కాడు.

మళ్లీ వాన పట్టింది. ఆ పొద్దున కట్ట ఎక్కేసరికి చెరువు అంచులదాకా నిండి, మిగులు నీళ్లు పోయే మరవ మీద పలచగా దొర్లుతున్నాయి. అవతల చివరి మడిలో రామన్న ఎడ్లకు కాడి కడుతున్నాడు. చెన్నకేశవులు వంగి, రాయి ఉన్న చోట కళ్లు చిట్లించి వెతికాడు. ఎర్రనీళ్లు తప్ప ఏమీ లేదు. ఇంకా నమ్మకం కుదరక, వాలు మీద కూర్చుని, చెయ్యి మోచేతిదాకా నీళ్లలో ముంచి తడిమాడు.

అందలేదు.

కంబళి దులుపుకుని లేచి, ఎన్నాళ్ల తర్వాతో ఆకలి వేస్తుండగా, ఇంటి వైపు గబగబా నడిచాడు.